నాలుగోవాడి బుధవారాలు

సోమవారం

ఈ వారం పదకోశం ఆఫీసులో నా వంతుకి వచ్చిన చీటీల్లో ఒకదాని మీద ‘స్పురియాన్’ అని ఉంది. భౌతికశాస్త్రం మొత్తం నా నెత్తిన పడేసి ఎడిటర్ గారు నిశ్చింతగా ఉన్నారు. అరవై మాటల్లో అర్థం, ఒక వాక్యంలో వాడుక, శుక్రవారానికల్లా ఇచ్చెయ్యాలి. చీటీ చూడగానే నాకు నవ్వొచ్చింది. పక్క సీటావిడ “ఏమైందండీ?” అంది. “తెలిసినవాడు కనిపించాడు” అన్నాను.

ఇంటికొచ్చి మా ఆయనకి చెప్పాను. “మీ నాలుగోవాడేగా? ఇంకా బతికే ఉన్నాడా?” అన్నారు. పెళ్లయిన కొత్తలో నేను రోజూ వాడి కబుర్లే చెప్పేదాన్నట. అబద్ధం. రోజూ కాదు.

ఆఫీసుకి కావలసిన అర్థం ఆఫీసుకి ఇస్తాను. దానికి పనికిరానిది ఇక్కడ రాసుకుంటాను.

యూనివర్సిటీలో పరిశోధన చేసే రోజుల్లో మేం ముగ్గురం. మా గైడ్ గారు, తొందర, నేను. గైడ్ గారిని సార్ అని తప్ప ఇంకోలా ఎప్పుడూ పిలవలేదు. తొందర నా తర్వాత చేరినవాడు. లెక్క సగంలో ఉండగానే జవాబు చెప్పేసేవాడు కాబట్టి సార్ పెట్టిన పేరది. నన్ను అక్కా అంటాడు. బుధవారం మధ్యాహ్నాలు చర్చకి గది ఇవ్వాలంటే గుంపులో కనీసం నలుగురుండాలని డిపార్ట్‌మెంటు రూలు. సార్ దరఖాస్తులో ఎవరిదో నాలుగో పేరు రాసి పడేశారు. ఏం పేరు రాశారో మాకు చెప్పలేదు. మాకు వాడు నాలుగోవాడే. గది వచ్చింది. పొడుగాటి బల్ల, ఎంత తుడిచినా తెల్లమరకలు పోని నల్లబల్ల, నాలుగు కుర్చీలు, వాటిలో ఒకటి ఖాళీ.

సార్‌కి ముక్కు మీద కోపం. తెలివితక్కువ ప్రశ్న వేస్తే చేతిలో సుద్దముక్క రెండయ్యేది. అందుకని చాలాకాలం నేను నోరు విప్పలేదు. ఒక బుధవారం తొందర ఆ ఖాళీ కుర్చీ చూపించి, “సార్, ప్రశ్న నాది కాదు. నాలుగోవాడు అడుగుతున్నాడు. ఈ స్పురియాన్ అనేది అసలు ఉన్నట్టా, లేనట్టా?” అన్నాడు. నేను బిక్కచచ్చిపోయాను. సార్ కాసేపు ఆ కుర్చీ వంక చూశారు. తర్వాత, మాతో ఎన్నడూ మాట్లాడనంత ఓపిగ్గా, ఆ కుర్చీకే చెప్పడం మొదలుపెట్టారు.

“చూడు నాయనా. గుండ్రటి బల్ల చుట్టూ అందరూ కూర్చున్నారు. అందరూ ఒక్కో కుర్చీ జరిగి కూర్చున్నా తేడా ఏం ఉండదు. అది నియమం. కానీ ఒక పక్క కిటికీ ఉంది. కిటికీ దగ్గరున్నవాడికి వెలుగెక్కువ. ఇప్పుడు జరిగితే తేడా వచ్చింది, నియమం చెడింది. అప్పుడు మనం ఏం చేస్తాం? కిటికీ కూడా మనతోపాటు ఒక కుర్చీ జరుగుతుందని నటిస్తాం. మళ్లీ ఎవరి వెలుగు వాళ్లకే, నియమం చెక్కుచెదరలేదు. ఆ ధైర్యంతో లెక్కంతా చేసుకుంటాం. ఎవరికి వెలుగు రావచ్చో, ఎవరికి రాదో తేలిపోతుంది. అంతా అయ్యాక కిటికీని తీసుకెళ్లి దాని గోడలో దాన్ని పెట్టేస్తాం. ఆ నడిచే కిటికీయే స్పురియాన్. అది లేదు. ఉందనుకోకపోతే లెక్క సాగదు.”

“చివర్లో గోడలో పెట్టడం మర్చిపోతేనో అని అడుగుతున్నాడు సార్” అన్నాను. ఆ గదిలో నా మొట్టమొదటి ప్రశ్న అది.

“ఊళ్లో కిటికీలు నడుస్తున్నాయని పత్రికలకెక్కుతాడు. చెప్పు వాడితో” అన్నారు సార్. ముగ్గురం నవ్వాం.

అప్పట్నుంచి సిగ్గుపడాల్సిన ప్రశ్నలన్నీ నాలుగోవాడివే. సార్ కూడా వాణ్ని వాడుకునేవారు. నా లెక్కలో తప్పు కనిపిస్తే “నాలుగోవాడికి మూడో లైను మింగుడుపడ్డం లేదట” అనేవారు. నేను మూడో లైను చూసుకుని, చెవులెర్రబడి, గుట్టుచప్పుడు కాకుండా దిద్దుకునేదాన్ని. ఎవరి పరువూ పోయేది కాదు. అంత సుఖంగా నేను తర్వాత ఏ ఉద్యోగంలోనూ కూర్చోలేదు.

ఇందులో ఒక్క మాటా ఎడిటర్ గారికి పనికిరాదు.


మంగళవారం

అరవై మాటలు రాశాను. చదివితే మందు సీసా మీద చీటీలా ఉంది. సార్‌కి ఫోన్ చేసి వినిపిద్దామనుకున్నాను. ఆయన చెల్లెలు తీసింది.

“అన్నయ్య మాట్లాడకూడదమ్మా. నీకు తెలీదా? వచ్చే సోమవారం ఆపరేషను. గొంతులో ఉండే పెట్టె తీసేస్తారట. తర్వాతింక మాట ఉండదు.”

ఆవిడే మళ్లీ అంది, “ఏదో మిషను పెట్టి నేర్పిస్తామంటున్నారులే. కానీ అది ఆయన గొంతు కాదు కదా.”

మా ఆయన అన్నం పెట్టుకుని తిన్నారు. నేను తర్వాత తింటానన్నాను.


బుధవారం

ఆఫీసు పని మీదే వెళ్లాను. అరవై మాటలు ఆయనకి ఓసారి చూపించాలి కదా.

దర్జీ షాపు పైన రెండు గదులు. సార్ పడక్కుర్చీలో, మెడచుట్టూ మఫ్లరుతో ఉన్నారు. సుద్దముక్క విరిచే ఆ చేతులు ఎంత సన్నబడిపోయాయో. ఆయన చెల్లెలు గుమ్మంలో కాపలా ఉంది, ఒక్క మాట ఎక్కువైనా లోపలికొచ్చి కళ్లెర్రజేస్తుంది. నేను కాగితం ఇచ్చాను. చదివి పెదవి విరిచారు.

“చప్పగా ఉంది” అన్నారు. గొంతు ఎక్కడో లోపల గీరుకుని బయటికొస్తోంది. “తొందరయితే దీన్ని...”

అక్కడ ఆగిపోయారు. చెల్లెలు మాట్లాడొద్దన్నందుకు కాదు. అప్పటికే ఆవిడ వంటింట్లోకి వెళ్లింది.

తొందర పేరు ఆయన నోట విని ముప్ఫై ఏళ్ల పైమాటే. ఆ సంగతి రాసుకోవాలని లేదు, కానీ ఇవాళ రాయకపోతే నిద్ర పట్టదు.

ఏటా జరిగే పెద్ద సభ. హాలు నిండా పైఊళ్ల నుంచి వచ్చిన పెద్దలు. తొందర కొత్త కణం ఒకటి ఉండి తీరాలని లెక్క చూపించాడు. బరువే లేనంత తేలికైనది. వాడి మొహం ఎలా వెలిగిపోతోందో నేను వెనక వరసలోంచి చూశాను. ముందు వరసలోంచి సార్ లేచారు. “నీ కణం లేదు. నువ్వు చివర్లో స్పురియాన్‌ని ఆపడం మర్చిపోయావు. చేరిన ఏడాది పిల్లలు చేసే తప్పు ఇది” అన్నారు. హాలంతా గొల్లుమంది. తొందర బోర్డు మీద రాసిందంతా శుభ్రంగా తుడిచి, సుద్దముక్క గట్టుమీద పెట్టి, బయటికి నడిచాడు. ఆ సాయంత్రమే నేను లెక్క మళ్లీ చేసి చూశాను. సార్ చెప్పిందే నిజం. ఆ వచ్చే బుధవారం వాడు రాలేదు. తర్వాతి బుధవారమూ రాలేదు. చదువే మానేశాడు. కొన్నాళ్లకి గది తిరిగి ఇచ్చేశాం.

ఇప్పుడు వాడికి కళ్లద్దాల షాపుంది. సార్ ఊసెత్తితే మాట మార్చేస్తాడు. సార్ వాడి ఊసే ఎత్తరు.

నేను మధ్యవర్తిత్వం చెయ్యబోవడం లేదు. ఎంట్రీ విషయంలో వాడి అభిప్రాయం కూడా కావాలి, అంతే.


బుధవారమే, పడుకోబోయే ముందు

ఎందుకు నాకు నేనే కథలు చెప్పుకోవడం? సార్ గొంతు ఉండగా వాడు ఒక్కసారి రావాలి. ఇద్దరూ మాట్లాడుకోవాలి. నాకు కావలసింది అదొక్కటే.


గురువారం

కళ్లు పరీక్ష చేయించుకునే మిషతో వెళ్లాను. తొందర జుట్టు పూర్తిగా నెరిసింది, నడక మాత్రం అదే పరుగు. నన్ను ఎత్తు కుర్చీలో కూర్చోబెట్టి, ముక్కుమీద బరువైన ఇనప ఫ్రేము తగిలించి, ఎదుటి అట్ట మీద అక్షరాలు చదవమన్నాడు.

“సార్‌కి గొంతు ఆపరేషన్‌రా” అన్నాను.

“పైవరస చదువక్కా.”

“పైవరస బాగానే ఉంది. సోమవారం పెట్టె తీసేస్తారట.”

ఒక అద్దం తీసి ఇంకోటి వేశాడు. “ఇది బాగుందా, ఇందాకటిదా?”

“రెండూ ఒకలాగే ఉన్నాయి. ఆ తర్వాత మాట ఉండదట.”

వాడి చెయ్యి ఫ్రేము మీద ఆగింది. మళ్లీ ఏదో అద్దం వేశాడు. అక్షరాలన్నీ అలుక్కుపోయాయి. ఏమీ కనిపించడం లేదన్నాను. “తప్పు అద్దం వేశాను” అని తీసేశాడు. తీసి, స్టూలు మీద కూలబడ్డాడు.

“తప్పని చెప్పినందుకు కాదక్కా నా బాధ” అన్నాడు. ఇన్నేళ్లలో తనంతట తాను ఆ మాటెత్తడం ఇదే. “తప్పే. ఇంటికెళ్లాక చూసుకున్నాను. కానీ నాలుగోవాడికి చివరి లైను అర్థం కాలేదట అని ఒక్క మాట అంటే నాకు తెలిసిపోయేది కదా? ఆ హాల్లో ఎవరికీ అర్థమయ్యేది కాదు, మన ముగ్గురికి తప్ప. నేనే దిద్దుకుని దిగిపోయేవాణ్ని. అందరి తప్పులూ వాడి మీద వేసుకుని కాపాడాం. నా ఒక్కడి దగ్గరికొచ్చేసరికి వాడు లేకుండా పోయాడా?”

“వెళ్లి ఓసారి చూడరా” అన్నాను.

“ఆయన రమ్మన్నారా?”

అక్కడ నోరు జారాను. “రమ్మన్నారు.”

“ఏమని?”

“తొందరని ఓసారి రమ్మను అన్నారు.”

“తొందర అనే అన్నారా?”

“ఆ మాటే.”

వాడు లేచి, నేను అడగని ఫ్రేములన్నీ తీసి గుడ్డతో తుడవడం మొదలుపెట్టాడు. కళ్ల నెంబరు ఎంతో చెప్పడం మర్చిపోయాడు. నేనూ అడగలేదు.


శుక్రవారం

ఎంట్రీ ఇవ్వలేదు. ఎడిటర్ గారు మొహం మాడ్చుకున్నారు.


శనివారం

సార్ దగ్గరికి వెళ్లి, “తొందర మిమ్మల్ని చూడ్డానికి రావచ్చా అని అడుగుతున్నాడు సార్” అన్నాను. అసలు తొణకలేదు నేను. ఇంత నేర్పు నాలో ఉందని నాకే తెలీదు.

“వాడే అడిగాడా?” అన్నారు సార్. తల ఊపాను. రేపు మధ్యాహ్నం రమ్మను అన్నారు. మఫ్లరు సర్దుకుని, చెల్లెల్ని దువ్వెన అడిగారు. ఆపరేషన్ సోమవారమైతే శనివారం దువ్వెనెందుకో ఆవిడకి అర్థం కాలేదు.

మా ఆయనకి చెప్పాను. “అటూ నువ్వే, ఇటూ నువ్వే! రేపు ఇద్దరూ ఒకచోట కూర్చుంటే నీ గతేమిటి?” అన్నారు.

ఇద్దరూ సమానంగా ఉంటేనే కదా కదులుతారు. ఒకరు పిలిచి ఇంకొకరు పిలవకపోతే ఎలా? కాసేపు అలా అనుకోనివ్వాలి. తర్వాత ఎవరి సంగతి వాళ్లకి చెప్పేస్తాను. తర్వాత.


ఆదివారం

తొందర కింద మెట్ల దగ్గర నిలబడి ఉన్నాడు. “ఎంతసేపైందిరా?” అంటే “ఇప్పుడే వచ్చా” అన్నాడు. “పొద్దుట్నుంచీ ఇక్కడే ఉన్నాడమ్మా” అన్నాడు లోపల్నుంచి దర్జీ.

పైకి వెళ్లాం. సార్ నిటారుగా కూర్చుని ఉన్నారు. చెల్లెలు మంచినీళ్లు తెచ్చింది. తొందర గ్లాసు మొత్తం ఒక్క గుక్కలో తాగేసి, ఖాళీ గ్లాసు పట్టుకుని కూర్చున్నాడు. కుర్చీలు జరుపుతూ, కిటికీ తెరుస్తూ, నేను కాలు కాలిన పిల్లిలా తిరుగుతున్నాను.

“ఏమిటి విషయం?” అన్నారు సార్ చివరికి.

“మీరు రమ్మన్నారట కదా సార్. అక్క చెప్పింది.”

“నేనా? నువ్వే వస్తానని అడిగావన్నది ఈ అమ్మాయి.”

ఇద్దరూ నావైపు తిరిగారు. పెద్దమనిషిలా రెండు మాటలు సిద్ధం చేసుకుని వెళ్లాను. ఒక్కటీ గుర్తు రాలేదు.

“ఎవరూ అడగలేదు” అన్నాను. “ఇద్దరి తరఫునా నేనే అడిగాను.”

తొందర గ్లాసు బల్లమీద పెట్టాడు. “తొందర అనే అన్నారని కూడా చెప్పావు కదక్కా” అన్నాడు మెల్లిగా. వాడు గట్టిగా తిట్టి ఉన్నా అంత తగిలేది కాదు. లేచి గుమ్మం దాకా వెళ్లాడు, చెప్పుల్లో కాలు పెట్టాడు. నేను ఇన్నేళ్లూ అరకొరగా మిగిలినదాన్ని కూడా చేజేతులా చెడగొట్టాననుకున్నాను.

“తొందరా. ఆగు.”

అది గుసగుస కాదు. పాత గొంతు. చెల్లెలు “అన్నయ్యా, వద్దు!” అంటూ వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చింది. సార్ చెయ్యి అడ్డం పెట్టి ఆపారు.

“నేను అడగలేదు. నిజమే. ఇప్పుడు అడుగుతున్నాను. వచ్చి కూర్చో.”

వాడు ఒక కాలికి చెప్పుతోనే వచ్చి కూర్చున్నాడు.

తర్వాత వాడు అడగాల్సింది వాడు అడిగాడు. ఏ కుర్చీ వంకా చూడలేదు, సూటిగా ఆయన మొహంలోకే చూస్తూ, “ఆ రోజు హాల్లో నాలుగోవాడి పేరు మీద అడిగి ఉంటే మీదేం పోయేది సార్?” అన్నాడు.

సార్ ఊపిరి కూడదీసుకుంటూ, ముక్కలు ముక్కలుగా చెప్పారు. నేను కలిపి రాస్తున్నాను.

“నీ లెక్క మొదటిసారి చూపించినప్పుడు నేనూ నమ్మానురా. తప్పు నాకూ కనిపించలేదు. ఎంత అందంగా ఉందో అనుకున్నాను. దానికో పేరు కూడా ఆలోచించి పెట్టాను, నువ్వు అడిగితే చెబుదామని. సభ రోజు పొద్దున మళ్లీ చూస్తే అది లేదు. నా ప్రాణం ఉసూరుమంది. అది లేదన్న కోపం నీ మీద తీర్చుకున్నాను. నాలుగోవాడు అప్పుడు గుర్తు రాలేదు. గుర్తొచ్చేసరికి నువ్వు బోర్డు తుడుస్తున్నావు. అప్పుడైనా లేచి రావాల్సింది. రాలేదు. తప్పు నాది.”

చెల్లెలు కొంగుతో కళ్లు ఒత్తుకుంటూ నిలబడింది, ఆపడం మానేసింది.

“ఏం పేరు సార్?” అన్నాడు తొందర.

సార్ నోరు తెరిచారు. మాట రాలేదు. దగ్గారు, మళ్లీ ప్రయత్నించారు. ఉన్న గొంతంతా అయిపోయింది. తొందర కుర్చీ ముందుకు లాక్కుని, మోకాళ్లు తగిలేంత దగ్గరగా కూర్చుని, ఆయన పెదాల వంకే చూశాడు. సార్ మెల్లిగా, విడివిడిగా పెదాలు కదిపారు. తొందరకి అర్థమైంది. పకపకా నవ్వేశాడు, నవ్వుతూనే మొహం చేతుల్లో దాచుకున్నాడు. సార్ వాడి నెత్తిన చెయ్యి వేశారు.

వాడి వీపు అడ్డొచ్చి నాకు ఆ పెదాలు కనిపించలేదు. దారిలో ఎంత బతిమాలినా వాడు ఆ పేరు చెప్పలేదు. “నీకెందుకు చెప్పాలి? నీతో నేను మాట్లాడ్డం లేదు” అన్నాడు, నా సంచీ మోస్తూ.


సోమవారం

లోపలికి తీసుకెళ్లారు. తొందర షాపు తెరవలేదు.


మంగళవారం

బాగానే జరిగిందట. ఎడిటర్ గారికి ఇంకో వారం గడువు అడిగాను. ఒక్క మాటకి ఇన్నాళ్లా అన్నారు. అవునండీ అన్నాను.


ఆదివారం

ఇవాళ నన్ను లోపలికి వెళ్లనిచ్చారు. పొడుగాటి వార్డు, వరసగా మంచాలు. సార్ దిండ్లకి ఆనుకుని కూర్చున్నారు. మెడకి కట్టు, దాని మధ్య గొట్టం. రాసుకోవడానికి పలక ఇచ్చారు గానీ దాన్ని ముట్టుకోవడం లేదట. తొందర పక్కనే స్టూలు మీద ఉన్నాడు, ఈ వారమంతా అక్కడే ఉన్నాడని నర్సు చెప్పింది. సార్ పెదాలు కదపడం, వాడు పైకి చెప్పడం. నీళ్లు కావాలంటున్నారు, కిటికీ వెయ్యమంటున్నారు, డాక్టర్ గారి చేతిరాత బాగాలేదంటున్నారు.

నేను కొత్తగా రాసిన ఎంట్రీ తీసి చదివాను. అర్థం చదువుతున్నంతసేపూ సార్ కళ్లు మూసుకుని విన్నారు. వాడుక దగ్గరికొచ్చాను. “గణన పూర్తయిన పిదప స్పురియాన్‌ను స్థిరపరచవలెను.”

సార్ కళ్లు తెరుచుకున్నాయి. పెదాలు చకచకా కదిలాయి. తొందర ఆ పెదాల్నే చూస్తూ, ఆయన విసురు, ఆయన విరుపు ఒక్కటీ పోనివ్వకుండా, వార్డంతా వినబడేలా అందుకున్నాడు.

“స్థిరపరచవలెనా! ఏమిటది, ఆఫీసు నోటీసా? చదివేవాడు మనిషి కాదా? తెలుగులో ఏడవ్వేం? ఇన్నేళ్లు నా దగ్గర చదివి నేర్చుకున్నది ఇదా?”

పక్క మంచం ఆయన లేచి కూర్చున్నాడు. నర్సు పరుగెత్తుకొచ్చి, “ఎవరండీ అరుస్తున్నది? ఆవిణ్ని ఎందుకు తిడుతున్నారు?” అని తొందర మీద కేకలేసింది. వాడు సార్ వైపు చూపించాడు. సార్ నా వైపు చూపించారు.

అరవైకి దగ్గరపడినదాన్ని, నలుగురి ముందూ తిట్లు తిని, ముక్కు చీదుకుంటూ పెన్ను తీశాను. ఆ లైను కొట్టేసి, “లెక్క అయిపోయాక స్పురియాన్‌ని ఆపెయ్యాలి” అని రాసి చదివాను. సార్ కాసేపు ఆలోచించి పెదాలు కదిపారు.

“ఇప్పుడు పై లైను బాగాలేదు” అన్నాడు తొందర.